క్షమించానన్న మాటకు నా తెలుగు

హెర్న్‌డన్‌లో మా అమ్మాయి వాళ్ల పక్కింట్లో, అమెరికాలో ఉన్న పిల్లల దగ్గరికి వచ్చిన పెద్దవాళ్లం కొందరం శనివారాలు చేరి పాత జర్మన్ సీరియల్ ఒకటి చూశాం. కింద ఇంగ్లీషులో మాటలు పడేవి. గబగబా చదవలేని ఆడవాళ్ల కోసం వాటిని తెలుగులో చెప్పే పని నాకు అప్పగించారు.

మొదటి వారమే జీఎం గారు భార్యతో వచ్చి మంచి సోఫాలో కూర్చున్నారు. ఫ్యాక్టరీలో ఆయన నా పై అధికారి. రిటైరై ఎన్నేళ్లయినా, ఈ దేశంలో కూడా అందరికీ ఆయన జీఎం గారే. ఒకప్పుడు ఆయన నోటిమాటగా నడపమన్న బాయిలర్ పేలి ఒక మనిషి కాలు పోయింది. తాను వద్దన్నా నేనే నడిపించానని ఎంక్వైరీలో చెప్పారు. ఆ మాటలు అప్పుడే డైరీలో రాసుకున్నాను, ఇప్పటికీ కంఠతా వచ్చు. నా ప్రమోషన్ ఆగిపోయింది. ఆయన జీఎం అయ్యారు. ఇదేమీ ఆయన భార్యకు తెలియదు.

సీరియల్ కథా అలాంటిదే. ఊళ్లో పరువున్న మిల్లు యజమాని తన తప్పును ఫోర్‌మన్ మీదకు నెడతాడు. యజమాని నోరు తెరిచినప్పుడల్లా నేను జీఎం గారి ధోరణిలో చెప్పేవాణ్ణి. "చూడవయ్యా, కంపెనీ ముఖ్యమా, నువ్వు ముఖ్యమా?" ఆవిడ నవ్వి, "అచ్చం మీలాగే ఉందండీ" అని భర్తను మోచేత్తో పొడిచేది. ఆయన మొహం మాడిపోయేది. దాని కోసమే వారమంతా ఎదురుచూసేవాణ్ణి.

చివరి భాగంలో యజమాని ముసలివాడై ఫోర్‌మన్ ఇంటికి వచ్చి క్షమించమని అడిగాడు. ఎప్పుడో క్షమించేశానని ఫోర్‌మన్ అన్నట్టు తెర మీద పడింది. జీఎం గారు అది చదివి నా వైపు తిరిగారు. కళ్లు చెమర్చి ఉన్నాయి. ఆ మాట నా నోట వినాలని ఆశపడుతున్నారని అర్థమైంది.

"ఏమన్నాడన్నయ్యా?" అంది ఆవిడ.

"చచ్చేదాకా నిన్ను క్షమించనన్నాడమ్మా."

ఇన్ని వారాలూ నా తెలుగులో యజమానిని 'మీరు' అన్న ఫోర్‌మన్ ఆ రోజు 'నువ్వు' అన్నాడు.

"మంచి పని చేశాడు. అలాంటి వెధవను ఎవరు క్షమిస్తారు?" అంది ఆవిడ.

ఆయనకు ఇంగ్లీషు నాకంటే బాగా వచ్చు. తప్పు చెప్పావని ఒక్క మాట అంటే సరిపోయేది. కానీ ఎందుకు తప్పు చెప్పానో కూడా భార్యకు చెప్పవలసి వచ్చేది. కళ్లద్దాలు తీసి లాల్చీ అంచుతో తుడుచుకుంటూ కూర్చున్నారు.

గుమ్మం దగ్గర నేను చెప్పులు వేసుకుంటుంటే పక్కకు వచ్చి, "అక్కడ అలా లేదు కదయ్యా" అన్నారు నెమ్మదిగా.

"లేదు సార్. క్షమించానన్నది ఆ జర్మన్ ఆయన మాట" అన్నాను.