తిన్నగా మాట్లాడని వాల్టర్

తూర్పు లండన్‌లో రోమన్ రోడ్డు సంతకు వెళ్ళి, వాల్టర్ పెగ్రమ్ కూరగాయల బండి దగ్గర మామూలు ఇంగ్లీషు వినాలనుకోవడం అత్యాశే. స్టెయిర్స్‌కి పెయిర్స్ ప్రాస కుదిరింది కనుక అక్కడ మెట్లంటే ‘ఆపిల్స్ అండ్ పెయిర్స్’. పోనీ అదైనా పూర్తిగా అంటారా? ప్రాస కలిసిన ముక్కనే మింగేసి, ఉత్త ‘ఆపిల్స్’ అని ఊరుకుంటారు. కొత్తవాడు బుర్ర గోక్కోవలసిందే. సంతలో అందరూ ఇలా మాట్లాడేవారే గానీ వాల్టర్‌కి అది పిచ్చి. తండ్రి బండి కింద ఆడుకుంటూ నేర్చుకున్న మాటలు, యాభై దాటినా వదల్లేదు. తల్లి పోయిన రోజున కూడా, డెడ్‌కి బ్రెడ్ ప్రాస కదా, "అమ్మ బ్రౌన్ బ్రెడ్ అయిపోయిందిరా" అని అందరికీ నవ్వుతూ చెప్పి, బండి చాటుకి వెళ్ళి వెక్కివెక్కి ఏడ్చాడు. అదీ మనిషి వాటం!

అలాంటివాడు పోయి పోయి ఐవీ హస్కెట్ మీద మనసు పడ్డాడు. భర్త పోయాక సంత మలుపులో మీట్ పైల కొట్టు, అంటే పిండిలో మాంసం కూరి కాల్చి అమ్మే కొట్టు, ఒంటిచేత్తో నడుపుకొస్తున్న మనిషి ఆవిడ. రోజూ మధ్యాహ్నం వాల్టర్ భోజనం అక్కడే. ఒక మీట్ పై, పక్కన మెదిపిన బంగాళాదుంప, దాని మీద ఐవీ గరిటెతో పోసే పచ్చటి పార్స్లీ సాసు. కూర్చోవడానికి చోటు లేకపోతే నిలబడైనా తింటాడు గానీ ఇంకో కొట్టు గడప తొక్కడు. ఎందుకో సంతంతటికీ తెలుసు, ఐవీకీ తెలుసు.

ఆ వసంతంలో ఐవీ కొట్టు ఎత్తేసి, సౌతెండ్‌లో చెల్లెలి దగ్గరికి వెళ్ళిపోతోందని కబురు పుట్టింది. ఇక వాల్టర్‌కి కాళ్ళూ చేతులూ ఆడలేదు. క్యాబేజీ అడిగినవాళ్ళకి కాలీఫ్లవర్ కట్టిచ్చాడు.

"ఒరేయ్, ఇంకెప్పుడడుగుతావురా? ఆవిడ రైలెక్కాకనా?" అని చేపల హెర్బర్ట్ ఎగదోశాడు.

ఆ మధ్యాహ్నమే వాల్టర్ జనంతో కిటకిటలాడుతున్న కొట్లోకి వెళ్ళి, టోపీ తీసి గొంతు సవరించుకున్నాడు. వైఫ్‌కి ప్రాస స్ట్రైఫ్. అందుకని సంతలో పెళ్ళామంటే ‘ట్రబుల్ అండ్ స్ట్రైఫ్’.

"ఐవీ, నాకు ట్రబుల్‌వి అవుతావా?"

కొట్టంతా గొల్లుమంది. ఐవీ మాత్రం నవ్వలేదు.

"మా ఆయన కూడా అచ్చం ఇలాగే అడిగాడయ్యా. ఇరవై ఏళ్ళు కాపురం చేశాడు. ఒక్కనాడైనా మనసులో మాట తిన్నగా చెప్పిన పాపాన పోలేదు. ఆ ముచ్చట ఒకసారి తీరింది, చాలు. చెప్పడం చేతనైతే చెప్పు. లేదంటే ఇదిగో నీ పళ్ళెం, చల్లారకముందే తిని వెళ్ళు."

ఆ సంతలో నలుగురి ముందు మనసు విప్పినవాడికి ఏడాది పొడుగునా నవ్వులాటే. పైగా వాల్టరే ఎందరినో అలా ఏడిపించి ఉన్నాడు. టోపీ పెట్టుకుని తినకుండానే బయటికొచ్చేశాడు. వీధి చివరిదాకా నడిచాడు. రేపటి నుంచి ఈ మధ్యాహ్నాలు ఎలా గడుస్తాయో తలుచుకున్నాడు. సిగ్గు సంగతి తరవాత చూసుకోవచ్చనుకుని గిర్రున వెనక్కి తిరిగాడు.

వరుసలో నిలబడ్డవాళ్ళని తోసుకుంటూ ఐవీ ముందుకొచ్చి నిలుచున్నాడు. చెవులు ఎర్రగా కందిపోయాయి.

"ఐవీ, నువ్వంటే నాకు ప్రాణం. నువ్వెళ్ళిపోతే నేను ఉండలేను. నన్ను పెళ్ళి చేసుకో."

అక్కడే తింటూ నవ్వడానికి సిద్ధంగా ఉన్న హెర్బర్ట్ కూడా నోట్లో ముద్ద మింగి ఊరుకున్నాడు. ఐవీ గరిటె పక్కన పెట్టి, చేతులు ఏప్రన్‌కి తుడుచుకుంది.

"మళ్ళీ చెప్పు," అంది.

"మళ్ళీనా? ఇంతమందిలోనా? వినబడింది కదే!"

"వినబడింది. కానీ ఇంతవరకూ ఎవరూ నాతో ఆ మాట అనలేదు, వాల్టర్. ఇంకోసారి విననీ."

వాల్టర్ మళ్ళీ చెప్పాడు, ఈసారి వీధిలోకి వినబడేలా.