ఇంగువ మచ్చుల్లో మంచుగట్టు రాయి

కిందటి గురువారం పొద్దున్న తొమ్మిది గంటల పది నిమిషాలకు మా మనవరాలు ఆ రాయిని సంచిలోంచి తీసింది. ఆమదాలవలసలో మా ఇంటి ముందుభాగమే కిరాణా కొట్టు. పిల్ల ఎచ్చెర్లలో భూగర్భశాస్త్రం చదువుతోంది. కొబ్బరిచిప్పంత రాయి, మాస్టారి దగ్గర అడిగి తెచ్చుకుంది. మర్నాడు దాన్ని తరగతిలో చూపించి మాట్లాడాలి. వేసవిలో మాస్టారు కొండల్లో పనికి ఒక్కరినే తీసుకెళతారు. అదెవరో ఆ రోజు తేలుతుంది.

"ఏటే ఇది?" అన్నాను.

"ఐస్‌లాండ్‌లో ఒక గట్టుది, అమ్మమ్మా. మంచు కింద నేల బీటలిచ్చి కరిగిన రాయి నిప్పులా పైకొచ్చింది. మంచు కరిగిన నీళ్లు తగిలి నలుసులైపోయింది. ఆ నలుసులే బీట పొడుగునా పోగుపడి గట్టయినాది. మంచు పోయాక బయటపడ్డాది."

"అంత మంచు కింద నిప్పేటి, ఆరిపోదా? నీకెవుడు సెప్పాడే?"

"ఆరింది కాబట్టే రాయైంది. ఈ నల్లగా మెరిసే పక్క సూడు, గబుక్కున సల్లారి గాజైపోనాది. రేపు సూపించాల్సింది ఇదే."

నాకు నమ్మకం కుదరలేదు. మిగతాదంతా పసుపు కలిసిన మట్టిరంగు, గోరు తగిలితే రాలుతోంది. ఇటుకబట్టీ పెళ్లని పిల్లకి అంటగట్టారేమో అనుకున్నాను. దొర్లిపోకుండా ఆమె దాన్ని గల్లాపెట్టె పక్కనున్న పళ్లెంలో పెట్టి, నాతో లోపలికి టిఫినుకు వచ్చింది.

అది మచ్చుల పళ్లెం. సరుకు అమ్మేవాడు అందులో ఒక ముక్క పెట్టి వెళతాడు. కొట్టుకి వచ్చిన వ్యాపారి ఎవరైనా అడగకుండా గిల్లుతాడు, నలుపుతాడు, వాసన చూస్తాడు. గిల్లింది తిరిగి పెట్టడం మాలో లేదు.

మేము వచ్చేసరికి రాయి నిమ్మకాయంత అయింది. పక్కన గ్లాసుడు నీళ్లు, బెల్లం కొట్టే సుత్తి. మా ఇంటాయనా, గజపతినగరం నుంచి వచ్చిన పాత వర్తకుడూ ఏమీ ఎరగనట్టు కూర్చున్నారు. నాకు అనుమానం అక్కడే వచ్చింది.

"దీన్నేటి సేసినారు?"

"ఇంగువ మచ్చు కదా," అన్నారాయన. "నీళ్లలో ఏసినాను, మంచి ఇంగువలా పాలై తెల్లబడలేదు. నల్ల పక్క గట్టిగుందని కొట్టి సూసినాను. కల్తీ సరుకే."

వర్తకుడు నోట్లో వేసుకున్న ముక్కని గుమ్మం బయటికి ఉమ్మాడు. "ఇంత ఇసక కలిపినోడ్ని మళ్లీ మెట్టెక్కనీకండి, వదినా."

"అది రాయి, తాతా!" మనవరాలు అరిచింది.

"రాయైతే గోటికెందుకు రాల్తాదే? నిన్నెవుడో మోసం సేసినాడు," అన్నారు మా ఇంటాయన.

నేల ఊడ్చి జల్లెడ పట్టాం. ధనియాల పొట్టూ మిరపగింజలూ వచ్చాయి. గాజేదో నల్లజీలకర్రేదో తేలలేదు.

శుక్రవారం సాయంత్రం పిల్ల ఎచ్చెర్ల నుంచి ఫోన్ చేసింది. మాస్టారు తిట్టలేదట. ఇంకో అమ్మాయిని ఎంచుకున్నారట.

పోయినవి: రాయిలో మూడు వంతులకు పైనే, మెరిసే పక్క మొత్తం, మనవరాలి వేసవి పని.