ఇళ్ల వైపు తిప్పిన గొట్టం

పోయిన నెలలో ఒక మధ్యాహ్నం పక్కింటి కోడలు నా ఫోను పుచ్చుకుని ఏవేవో నొక్కి, బొమ్మ రాదు గానీ మాట వస్తుంది అత్తా, మన ఊరి సిగ్నలుకి అదే మహాభాగ్యం అనుకో, అంటూ నా చేతిలో పెట్టి తన పని చూసుకోవడానికి వెళ్లిపోయింది. శ్రీకాకుళంలో కాలేజీ ఆడపిల్లలకు కబడ్డీ పోటీలు జరుగుతున్నాయి, మా మనవరాలు, అంటే నా పెద్దకూతురి కూతురు, విజయనగరం జట్టులో ఆడుతోంది. నా పక్కనే కుర్చీలో మా మరిది కూర్చున్నాడు. ఆయనకు రెండేళ్లుగా చెవులు మందగించాయి, ఫోనులో మాట అందదు, అందుచేత అందులో వచ్చింది వచ్చినట్టు నేను గట్టిగా చెప్పడం, ఆయన తల ఊపడం.

ఎవరో కుర్రవాడు చెబుతున్నాడు, బాగానే చెబుతున్నాడు పాపం, గొంతు కడిగి బోర్లించిన గ్లాసులాగా శుభ్రంగా ఉంది. కానీ వెనక ఏమీ లేదు. జనం లేరు, ఈల లేదు, ఆడేవాళ్ల కూత అసలే లేదు. ఇదేమిటే, ఖాళీ గదిలో కూర్చుని చెబుతున్నాడా అని కేకేసి అడిగితే, గోడ అవతలి నుంచి పక్కింటి కోడలు నవ్వి, వెనక గోల వినపడకుండా ఇప్పుడు వాళ్ల మైకే వడగట్టేస్తుంది అత్తా అంది. చింతపండు పులుసు పిసికి పిప్పి పారేసినట్టన్నమాట. నా ప్రాణం ఉసూరుమంది. ఆ పిప్పి కోసమే కదా ఒకప్పుడు మేము చెవులు రిక్కించుకుని కూర్చున్నది! నా ఈడువాళ్లకైతే ఇంతకంటే చెప్పనక్కర్లేదు, కానీ మా ఇంట్లో ఆ పిప్పి వెనక ఒక కథ ఉంది, అది మాత్రం చెప్పాలి.

మా అత్తవారి ఊరు బొబ్బిలికి నాలుగైదు మైళ్లు లోపలికి ఉంటుంది. నేను కాపురానికి వచ్చిన రోజుల్లో కరెంటు ఊళ్లోకి చుట్టపు చూపుగా వచ్చిపోయేది, మైకుసెట్టు బ్యాటరీ మీదే నడిచేది. ఏటా అమ్మవారి తీర్థానికి, మా వైపు జాతరను తీర్థమనే అంటాం, ఊరి చివర కళ్లంలో మూడు రోజులు చెడుగుడు పోటీలు పెట్టేవారు. చుట్టుపక్కల పది ఊళ్ల జట్లు వచ్చేవి, గెలిచినవాళ్లకు ఇత్తడి బిందె. తాటిచెట్టుకి రెండు మైకు గొట్టాలు కట్టేవారు. ఒకటి ఆట వైపు తిరిగి ఉండేది, రెండోది ఊరి వైపు. ఆ రెండోదాన్ని ఇళ్ల గొట్టం అనేవారు. కళ్లానికి రాలేని ముసలివాళ్లు, బాలింతలు, గడప దాటని కొత్తకోడళ్లు కూడా ఊరివాళ్లేనని, వాళ్లకూ ఆట అందాలని ఎప్పుడో పెద్దలు పెట్టిన పద్ధతి అది. పడమటి గాలి వీస్తే మాట చెదిరిపోయేది, అప్పుడు ఎవరో ఒకరు చెట్టెక్కి గొట్టాన్ని కాస్త తిప్పకపోతే మర్నాడు నూతి దగ్గర ఆడవాళ్ల చేత చీవాట్లు తినడమే.

మా మావయ్యగారికి అప్పటికే చూపు పూర్తిగా పోయింది. వయసులో ఉన్నప్పుడు ఆయన పేరుమోసిన కూతగాడట, ఒక్క ఊపిరిలో నలుగుర్ని తాకి వచ్చేవారట. నేను వచ్చేసరికి అరుగు మీద నులకమంచం, పక్కన చెంబు, ఆయాసం, అంతే మిగిలాయి. మా ఆయన ఆయనకు పెద్దకొడుకు, ఊరంతా పెద్దోడనే పిలిచేవారు. తండ్రి కూత కొడుక్కి వచ్చింది. మా మరిదికి ఆట రాలేదు గానీ నోరు వచ్చింది, అందుకని మైకు ఆయన చేతికిచ్చారు. అన్న ఆడుతుంటే తమ్ముడు చెప్పడం, తమ్ముడు చెబుతుంటే అరుగు మీద తండ్రి వినడం, ఇదీ మా ఇంటి తీర్థం.

అప్పటికి రేడియోలో క్రికెట్టు రావడం మొదలయింది. మునసబుగారింట్లో ట్రాన్సిస్టరు చుట్టూ కుర్రకారు మూగేవారు. మావయ్యను కూడా ఒకసారి తీసుకువెళ్లి కూర్చోబెట్టారట. అరగంట విని లేచి వచ్చేసి, ఎవుల్లో ఎక్కడో ఆడితే మనకేటి, మనోల్ల ఆట మనోడు సెప్తేనే గదా ఆట, అని ఒక్క ముక్కలో తేల్చేశారు. నాకు మాత్రం ఆ రేడియో మీద మోజు ఉండేది, పైకి అనలేదు. కోడలు రేడియో అడిగిందంటే అప్పట్లో ఊరు ఊరంతా బుగ్గలు నొక్కుకునేది.

మా మరిది ఒక అలవాటు చేసుకున్నాడు. అన్న కూతకు దిగినప్పుడల్లా తను మాట ఆపేసి, నిలబడ్డ బల్ల మీంచే మైకు ఉన్న చేతిని గీత వైపు చాచేవాడు. అప్పుడు ఇళ్ల గొట్టంలోంచి సన్నగా, గాలిలో ఊగుతూ, మా ఆయన కూత మా అరుగు మీదికి వచ్చేది. మావయ్య మంచం మీద లేచి కూర్చుని, ఆ కూత ఉన్నంతసేపూ తన ఊపిరి కూడా బిగబట్టేవారు. కూత తెగకుండా జనం హోరుమన్నారంటే అప్పుడు ఊపిరి వదిలి, సల్లగా వచ్చేసినాడమ్మా, అనేవారు నాతో. ఆయాసం మనిషికి అది ఎంత కష్టమో చూసేదాన్ని, వద్దు మావయ్యా అనేదాన్ని, వింటేనా!

నాకు పెళ్లయిన రెండో ఏడు తీర్థం నాటికి పెద్దది కడుపులో ఉంది, ఏడో నెల. ఆఖరి రోజు మధ్యాహ్నం మా అరుగు నిండా ఆడవాళ్లు. చింతపండు గింజ తీసే రోజులు కదా, ఎవరి చేట వాళ్లు తెచ్చుకుని కూర్చున్నారు. మా జట్టుదే పైచేయిగా ఉంది. మా ఆయన రెండుసార్లు కూతకు వెళ్లి రెండుసార్లూ వచ్చాడు. మూడోసారి వెళ్లినప్పుడు కూత మధ్యలో తెగింది, జనం ఒక్కసారి గొల్లుమన్నారు, తర్వాత మైకు ఠక్కున ఆగిపోయింది. బ్యాటరీ వైరు ఊడిందనుకున్నాం, అది మామూలే. కాసేపటికి మరిది గొంతు వచ్చింది. ఏమీ పర్వాలేదు, పెద్దోడు మళ్లీ బరిలో దిగాడు, అని చెప్పాడు. అరుగంతా తేలికపడింది. పెద్దోడు కూతకు వెళ్తున్నాడు, తాకాడు, వచ్చేశాడు! నేను చప్పట్లు కొట్టాను. లోపలికి వెళ్లి బెల్లం ముక్కలు తెచ్చి అందరికీ పంచాను. ఆ బెల్లం పంచిన సంగతి ఇప్పటికీ తలుచుకుంటే చేతులు నరుక్కోవాలనిపిస్తుంది.

ఎందుకంటే మావయ్య బెల్లం నోట్లో వేసుకోలేదు. గుప్పిట్లోనే పట్టుకుని చెవి గొట్టం వైపు పెట్టి కూర్చున్నారు. మరిది మళ్లీ పెద్దోడు వెళ్తున్నాడని చెప్పి, ఎప్పటి అలవాటు చొప్పున మైకు గీత వైపు చాచాడు. నోటితో ఎంత జాగ్రత్తగా అల్లుకొచ్చినా చేతికి మాత్రం చెప్పుకోవడం మరిచిపోయాడు. గొట్టంలోంచి కూత వచ్చింది. మావయ్య ఊపిరి బిగబట్టలేదు. నా వైపు తిరిగి, మెల్లగా, ఎవరికీ వినపడకుండా, "ఒలమ్మా, ఆ ఊపిరి మనోడిది కాదు. ఆడు పెద్దోడంతన్నాడు, కూత ఎవుడిదో. నా కర్ర తే," అన్నారు.

కొత్తకోడలు కళ్లానికి వెళ్లకూడదు, అదీ నిండు మనిషి. ఆ సంగతి ఆయన అనలేదు, నేను అనుకోలేదు. కర్ర ఈ చివర ఆయన, ఆ చివర నేను, చింతపండు చేటలన్నీ ఆగిపోయి అందరూ చూస్తుండగా వీధి దాటి, మోకాలి లోతు దుమ్ములో కళ్లం దాకా నడిచాం. మమ్మల్ని చూసి మొదట మైకే ఆగింది. తర్వాత ఆట ఆగింది. మా మరిది బల్ల మీంచి దిగి నా ముందు నిలబడి ఏడ్చేశాడు. ముగ్గురు మీద పడి పట్టేసరికి మా ఆయన మోకాలు విరిగిందట. ఊరి వెనక గట్టు దారమ్మట బండి మీద బొబ్బిలి ఆసుపత్రికి తీసుకుపోయి అప్పటికే గంట కావస్తోంది. కడుపుతో ఉన్న వదిన, ఆయాసం నాన్న, ఆట అయ్యాక మెల్లగా చెబుదామనుకున్నానన్నాడు. నాకు ఆ మాటలేవీ ఎక్కలేదు. మా ఆయన నొప్పితో బండిలో పోతున్నప్పుడు నేను చప్పట్లు కొట్టానన్నది ఒక్కటే చెవుల్లో గింగురుమంటోంది.

ఆసుపత్రిలో మా ఆయన చెప్పిన మాట అంతకంటే కష్టం. "గట్టు మీద బండి ఎల్తంటే గొట్టంలోన ఇనిపించినాదే, నేను కూతకెల్తన్నానంట. నానక్కడ ఆడతన్నానో, ఇక్కడ సచ్చిపోతన్నానో తెలీనేదు," అని నా చెయ్యి పట్టుకున్నాడు. విజయనగరం కూడా తీసుకువెళ్లాం. కాలు దక్కింది గానీ ఆట దక్కలేదు. కుంటుతూనే దుక్కి దున్నాడు, కుంటుతూనే ముగ్గురు పిల్లల్ని భుజాన మోశాడు.

మావయ్య చిన్నకొడుకుని తిట్టలేదు, కొట్టలేదు. ఒకరోజు అన్నం తింటూ మాత్రం, "నాకు బాధ కలక్కుండా దాసినావు, నిజమే. కానీ కళ్లు లేనోడి కళ్లల్లో దుమ్ము కొట్టినావురా," అన్నారు. ఆ పూట మరిది ముద్ద ముట్టలేదు. మళ్లీ జన్మలో మైకు పట్టలేదు. నేనైతే ఏడాదిపాటు ఆయనతో మాట్లాడలేదు, కంచం పెట్టడం, తీయడం, అంతే. ఆడదాన్ని, ఇంట్లో ఉంటూ మాట్లాడకపోవడం ఎలాగో నాకు బాగా తెలుసు. తర్వాత మాటలు కలిశాయి, పిల్లలు పుట్టారు, పెళ్లిళ్లు చేశాం. లోపల ఎక్కడో ఒక ముల్లు మాత్రం అలాగే ఉండిపోయింది.

మరుసటి ఏడు మైకు మా ఆయన పట్టాడు. ఎవరూ అడగలేదు, తనే కుంటుకుంటూ వెళ్లి బల్ల ఎక్కాడు. ఆయనకు మరిది అంత నోరు లేదు, చమత్కారాలు రావు, గెలుపు ఓటములు ఒక్కోసారి తప్పు చెప్పేవాడు. కానీ ఎవరైనా పడితే, ఏ ఊరివాడైనా సరే, ఆట మాట ఆపేసి, పడ్డాడు, అనేవాడు. తర్వాత, లేస్తన్నాడు. తర్వాత, లేసినాడు. ఆ మూడో మాట వచ్చేదాకా మా వీధిలో చింతగింజ కదిలేది కాదు. లేవకపోతే లేవలేదనే చెప్పేవాడు, ఎక్కడ దెబ్బ తగిలిందో, ఎటు తీసుకువెళ్తున్నారో చెప్పేవాడు, వాళ్లింటి ఆడవాళ్లు చెప్పులైనా వేసుకోకుండా పరుగెత్తేవారు. మావయ్య కూడా ఒక తీర్థంలో ఆ గొట్టం వింటూనే పోయారు. తర్వాత టీవీలొచ్చాయి, కళ్లాల్లోకి యంత్రాలొచ్చాయి, తీర్థంలో ఆటలు పోయి డ్యాన్సులొచ్చాయి. తాటిచెట్టు ఉంది గానీ దానికి గొట్టం కట్టేవాడు లేడు. మా ఆయన పోయి నాలుగేళ్లు.

ఇక పోయిన నెల సంగతికి వస్తాను. ఫోనులో ఆ కుర్రవాడు చకచకా చెప్పుకుపోతున్నాడు, నేను మా మరిదికి అందిస్తున్నాను. ఏడో నంబరు, అంటే మా పిల్ల, కూతకు వెళ్లిందన్నాడు. తాకిందన్నాడు. పట్టేశారు, పడింది, గట్టిగానే పడింది, అన్నాడు. అంతే. తెర మీద ఒక సున్నా చుట్టూ తిరగడం మొదలుపెట్టింది. సిగ్నలు పోయింది. నేను ఫోను ఎత్తి పట్టుకుని పెరట్లోకి వెళ్లాను, వీధిలోకి వచ్చాను, ఆ సున్నా తిరుగుతూనే ఉంది. పిల్లకు ఫోను చేశాను, అందలేదు.

తిరిగి అరుగు మీదికి వచ్చేసరికి మా మరిది కుర్చీ అంచున కూర్చుని ఉన్నాడు. కిందటేడు గుండెకు ఆపరేషను అయిన మనిషి. "లేసినాదంటాడేటి వదినా?" అని అడిగాడు. ఆ మాట నా నాలుక చివరిదాకా వచ్చేసింది. లేసినాది, ఏటీ నేదు, మల్లీ ఆడతంది. ఎంత సులువైన మాట! ఎంత ప్రేమగల మాట! మనిషి గుండె చేత్తో పట్టుకుని కూర్చుంటే అంతకంటే ఏం చెప్పబుద్ధవుతుంది? ఆ ఒక్క క్షణంలో, నలభై ఏళ్లు దాటాక, ఆ రోజు ఆ బల్ల మీద మైకు పట్టుకుని నిలబడ్డ ఇరవయ్యేళ్లవాణ్ణి చూశాను. నా కళ్లమ్మట నీళ్లు ఆగలేదు. కుర్చీ దగ్గరగా లాక్కుని ఆయన చెయ్యి పట్టుకుని, "ఇంకా సెప్పనేదు. నాకూ తెలీదు," అన్నాను. ఆయన నా ముఖం చూసి, తల దించుకుని, నా చెయ్యి వదలకుండా అలాగే కూర్చున్నాడు. ఇద్దరం ఫోను ముందు పెట్టుకుని సాయంత్రం దాకా కూర్చున్నాం.

ఎండ వాలాక పిల్లే ఫోను చేసింది. మోచెయ్యి చెక్కుకుపోయిందట, కట్టు కట్టారట, ఆట ఓడిపోయారట, ఏడుపు గొంతు. బాగానే ఉన్నాను అమ్మమ్మా అంటే నాకు నమ్మకం కలగలేదు. బాగానే ఉన్నాననేవాళ్లను చాలామందిని చూశాను. ముందు ఒక్కసారి కూత పెట్టవే అన్నాను. అమ్మమ్మకు మతి పోయిందనుకుని నవ్వింది. బస్సులో అందరూ ఉన్నారంది. ఉంటే ఉండనీ, పెట్టు, అన్నాను. ఫోను గొంతు పెంచి మరిది చెవికి ఆనించాను.

పిల్ల ఊపిరి తీసుకుంది. కూత మొదలుపెట్టింది. వెనక బస్సు రొద, ఆడపిల్లల కేరింతలు, ఎవరో వేసిన ఈల, ఏదీ వడగట్టకుండా అన్నీ కలిసి వచ్చాయి. మధ్యాహ్నమంతా ఫోను మాట ఒక్కటీ అందని ఆ చెవికి అది అందింది. మా మరిది కళ్లు మూసుకున్నాడు. చూస్తే, ఆయన ఊపిరి బిగబట్టి ఉన్నాడు, నేనూ బిగబట్టే ఉన్నాను.

ఇప్పుడు ఎక్కడి ఆటైనా ఇంట్లో కూర్చుని వినవచ్చు, కాపురానికొచ్చిన కొత్తలో నేను మోజుపడ్డ రేడియో కూడా ఇప్పుడు ఈ ఫోనులోనే ఉందట. చెప్పేవాళ్లూ అబద్ధం చెప్పడం లేదు, పాపం వాళ్ల తప్పేమీ లేదు. కాకపోతే వాళ్లకు మా అరుగు ఎటువైపు ఉందో తెలియదు. కూత ఎక్కడా తెగకుండా చివరిదాకా వచ్చి ఆగాక, మా మరిది ఊపిరి వదిలి, మావయ్య గొంతే తెచ్చుకున్నట్టు, "సల్లగా వచ్చేసినాదమ్మా," అన్నాడు.