కొండయ్య మామ కారులో మగ్గం నూనె

కరోనా సద్దుమణిగి భివండిలో మగ్గాలు మళ్ళీ ఆడడం మొదలైన ఏడాది, జూన్ నెలలో, నన్ను థానే నుంచి బదిలీ చేసి భివండి బైపాస్ పక్కనున్న వర్క్‌షాప్‌కు ఫ్లోర్ ఇన్‌ఛార్జిగా వేశారు. మెకానిక్‌ల పైన, మేనేజరు కింద ఉండే ఉద్యోగం అది. బండి తీసుకుని ఫిర్యాదు వినేవాడు సర్వీస్ అడ్వైజర్, విప్పి బాగుచేసేవాడు మెకానిక్, బాగైందని తేల్చి గేటు దాటనిచ్చేవాడు ఫ్లోర్ ఇన్‌ఛార్జి. బాగు కాకపోతే తిట్లు తినేది కూడా అతనే. రిటైర్మెంటు దగ్గర పడిన మనిషికి బదిలీ అంటే చిరాకే గానీ, నాకు ఆ బాధ లేకపోయింది. నేను పుట్టి పెరిగింది భివండిలోని శాంతి నగర్‌లోనే. మా నాన్న కరీంనగర్ వైపు నుంచి వచ్చి, బతికినన్నాళ్ళూ అక్కడే మగ్గాలు నడిపాడు.

మొదటి వాన పడ్డ మర్నాడు గేటు దగ్గర ఒక పాత తెల్ల కారు మలుపు తిరుగుతూ మూలిగింది. స్టీరింగ్ తిప్పినప్పుడే వచ్చే ఆ మూలుగు మా వృత్తిలో ఉన్నవాళ్ళకు నిద్రలోనైనా తెలుస్తుంది. స్టీరింగ్ పంపుకు అందాల్సిన ద్రవం తక్కువైంది, లేదా అందులో గాలి చేరింది. కారు దిగిన మనిషిని చూసి అడ్వైజర్‌ను ఆగమని నేనే ఎదురు వెళ్ళాను. ఆయన కొండయ్య మామ. మా నాన్నా ఆయనా ఒకే కార్ఖానాలో పక్కపక్క మగ్గాల మీద పనిచేశారు. తర్వాత ఆయన ఒక గాలా, అంటే షెడ్డు గది, అద్దెకు తీసుకుని సొంత మగ్గాలు పెట్టుకున్నాడు. వాళ్ళు పద్మశాలీలు, మేము చర్చికి పోయేవాళ్ళం. వరస కలిపేందుకు అదేమీ అడ్డు రాలేదు, చిన్నప్పటి నుంచీ నాకు ఆయన మామే.

"ఏంది సామ్యేలు, నువ్వు ఈడికొచ్చినవా! ఇగ నా బండికి ఫికర్ లేదు," అన్నాడు నా భుజం తట్టి.

కుడి చేత్తో తట్టాడు. ఎడమ చేతికి ఆ సత్తువ లేదు. మగ్గంలో నాడాను, అంటే నూలు కండెను అటూ ఇటూ మోసేదాన్ని, విసిరే కర్ర ఒకసారి ఆయన మణికట్టు మీద పడింది. ఎముక అతుక్కుంది గానీ పట్టు తిరిగి రాలేదు. లాక్‌డౌన్‌లో నూలు ఆగిపోయి, కరెంటు బిల్లు ఆగకపోయేసరికి మగ్గాలన్నిటినీ భంగార్ కింద, అంటే పాత ఇనుము కింద, తూకానికి ఇచ్చేశాడు. ఆ వచ్చినదానితో ఈ కారు కొని, పొద్దున్నే శాంతి నగర్ నుంచి థానే ఆసుపత్రికి డ్యూటీకి వెళ్ళే మన తెలుగు నర్సమ్మలను తీసుకువెళ్ళి, సాయంత్రం తీసుకువచ్చేవాడు. వాళ్ళలో ఇద్దరు మా చర్చివాళ్ళే. ఆ ఇంటికి ఇంకో ఆధారం లేదు. పట్టు లేని చెయ్యి ఉన్న మనిషి డ్రైవరు కాగలిగాడంటే అదంతా పవర్ స్టీరింగ్ చలవ.

ఆ పవర్ ఎక్కడిదో తెలియనివాళ్ళ కోసం రెండు మాటలు. అలాంటి పాత కార్లలో ఇంజను బెల్టుతో తిరిగే ఒక పంపు, ప్రత్యేకమైన ద్రవాన్ని ఒత్తిడితో స్టీరింగ్ ర్యాకులోకి తోస్తుంది. ర్యాకు అంటే చక్రాలను పక్కలకు నెట్టే పొడుగాటి కడ్డీ, దాని గొట్టం. మనం వేలితో తిప్పుతున్నామని సంబరపడతాం గానీ కష్టమంతా ఆ ద్రవానిది. ఇప్పటి కార్లలో చాలావాటికి ద్రవమే ఉండదు, కరెంటు మోటారు ఆ పని చేస్తుంది. ద్రవం ఉన్నవాటిలో ఏది పోయాలో అది నిలవుండే డబ్బా మూత మీదనో, కారుతో వచ్చే పుస్తకంలోనో రాసి ఉంటుంది. కొన్నిటికి ఆటోమేటిక్ గేరు పెట్టెల్లో వాడే ఎర్ర ద్రవం, కొన్నిటికి ఆకుపచ్చది, కొన్నిటికి మరొకటి. ఒకదానిలో ఒకటి కలపకూడదు.

మామ కారు మూత మీద ఎర్ర ద్రవం పేరే ఉంది. మూత తీశాను. లోపల ఎరుపు జాడ లేదు. గిన్నెలో పితికిన పాలలాగ నురగ, దాని కింద నీళ్ళలాంటి పలచటి నూనె. వేలికి రాసుకుని వాసన చూశాను. అది మా నాన్న చొక్కాల వాసన. ఇల్లంతా ఆ వాసనతోనే పెరిగినవాణ్ణి, పొరపాటు పడే అవకాశం లేదు.

"మామా, గిది మగ్గం నూనె గదా!" అన్నాను.

"మరేంది! అసలు స్టెయిన్‌లెస్ నూనె. సేఠ్‌లు సుత గింత మంచిది పొయ్యరు," అన్నాడు గర్వంగా.

మగ్గాల ఊళ్ళో తెల్ల నూనెకు ఉన్న మర్యాద బయటివాళ్ళకు తెలియదు. మగ్గం మీద నేసిన పచ్చి గుడ్డ, అంటే ఇంకా రంగు వెయ్యని గుడ్డ, మీద నూనె చుక్క పడితే దాన్ని దాగ్ అంటారు. దాగ్ పడ్డ తానును వ్యాపారి పక్కన పడేస్తాడు, నేసినవాడి కష్టం దానితోపాటే పోతుంది. అందుకని ఉతికితే ఆనవాలు లేకుండా పోయే తెల్ల నూనె ఒకటి మగ్గాలకు వాడతారు. రంగున్న నూనెను కార్ఖానా గడప తొక్కనివ్వరు. జీవితమంతా ఆ లెక్కలో బతికిన కొండయ్య మామ ఒకరోజు కారు కింద ఎర్ర చుక్కలు చూశాడు. పంపు దగ్గర ఒక పైపు బిగింపు వదులై కారిన చుక్కలవి. బిగింపును ఆయనే సరిచేశాడు. అంతటితో ఆగి ఉంటే ఈ కథే లేదు. మురికిని దాచడానికే రంగు కలుపుతారనీ, కారు అమ్మినవాడు చవక నూనె పోసి తనను మోసం చేశాడనీ ఆయన తీర్మానించుకున్నాడు. ఎర్ర ద్రవాన్ని చివరి చుక్క దాకా తీసేశాడు. గాలా ఖాళీ చేసేటప్పుడు దాచుకున్న నూనె డబ్బాలోంచి పలచటి గుడ్డతో వడగట్టి మరీ పోశాడు. తర్వాత కూడా నెలనెలా మూత తీసి చూసి, కాస్త మసకబారితే మార్చేవాడట. మా కస్టమర్లలో మూత తీసి చూసేవాళ్ళే అరుదు, నెలనెలా చూసేవాడు ఈయనొక్కడే.

ఇది తప్పంటే నమ్మలేదు. సీటు కింద నుంచి ఒక తెల్ల గుడ్డ పీలిక తీసి, మా షెల్ఫులోని ఎర్ర ద్రవం ఒక చుక్క, తన కారులోని నూనె ఒక చుక్క వేయించాడు. సబ్బు పెట్టి కుళాయి కింద నలిపాడు. తెల్ల నూనె మాయమైంది, ఎర్రది గులాబీ మరకై మిగిలింది.

"ఇప్పుడు జెప్పు, ఏది మంచిది?" అన్నాడు.

మా మెకానిక్ సలీం నవ్వాపుకోలేక పక్కకు వెళ్ళాడు. నాకు నవ్వు రాలేదు. మామా, ఇది గుడ్డను తాకేది కాదు, లోపల రబ్బరును తాకేది అని చెప్పాను. ఎరుపు మురికి కాదు, ఎక్కడ కారుతున్నదో కనబడాలనీ, వేరేదానితో కలవకూడదనీ కంపెనీవాళ్ళు వేసే గుర్తు అన్నాను. మగ్గం నూనె నీళ్ళతో కలిసిపోయేలా చేసింది కనుకనే ఉతికితే పోతుంది, ఆ గుణమే ఇక్కడ నురగ కట్టిస్తుంది, వేడెక్కితే మరీ పలచబడి ఒత్తిడి నిలవదు అని వివరించాను. లోపలి సీళ్ళు, అంటే ద్రవం బయటికి రాకుండా ఆపే రబ్బరు పట్టీలు, ఆ నూనెకు ఉబ్బిపోయి ఉంటాయని కూడా చెప్పాను. ఆయన ఆ పీలికను మడత పెట్టి జేబులో పెట్టుకుని, "గట్లనా," అని మాత్రం అన్నాడు.

పద్ధతి ప్రకారం పంపూ ర్యాకూ రెండూ మార్చాలి. ఆ కారు విలువ ఆ ఖర్చును మొయ్యలేదు. మిగిలిన దారి, పాతదంతా కడిగి సరైన ద్రవం ఎక్కించి చూడడం. నిలుస్తుందని మాట ఇవ్వలేనన్నాను. "చెయ్యి బిడ్డా, రేపు పొద్దుగాల నర్సమ్మలున్నరు," అన్నాడు.

ఆ పని సలీంను పక్కన పెట్టుకుని నేనే చేశాను. ఇంజను చల్లబడనిచ్చి, ముందు చక్రాలు రెండూ నేలను వదిలేలా కారును స్టాండ్ల మీద నిలబెట్టాం. డబ్బాలోని నూనెను పెద్ద సిరంజితో లాగేశాం. ర్యాకు నుంచి డబ్బాకు ద్రవాన్ని తిరిగి తెచ్చే గొట్టాన్ని ఊడదీసి సీసాలోకి పెట్టి, డబ్బా వైపు రంధ్రాన్ని మూసేశాం. ఇంజను ఆపి ఉంచే, సలీం స్టీరింగ్‌ను ఆ కొస నుంచి ఈ కొసకు నెమ్మదిగా తిప్పుతుంటే నేను పై నుంచి ఎర్ర ద్రవం పోస్తూ వచ్చాను. సీసాలోకి మొదట నురగ, తర్వాత లేత గులాబీ, చివరికి అసలు ఎరుపు దిగింది. గొట్టం బిగించి, ఇంజను స్టార్ట్ చేసి, బుడగలు ఆగేదాకా మళ్ళీ తిప్పాం. ఈ పనిలో స్టీరింగ్‌ను కొసదాకా తిప్పి అక్కడే పట్టుకోకూడదు, పంపు మీద భారం పడుతుంది. డబ్బా మీద చల్లగా ఉన్నప్పుడు ఒక గీత, వేడెక్కాక ఇంకో గీత చూసి మూత పెట్టాను. మూలుగు పోయింది. లోపల ఎక్కడో కొంచెం పాతది మిగిలే ఉంటుంది కనుక కొన్నాళ్ళకు మళ్ళీ కడగాలని చెప్పి పంపాను.

మామ ఒంటి వేలితో స్టీరింగ్ తిప్పి చూపిస్తూ గేటు దాటాడు. నాకు భలే సంతోషం వేసింది.

ఆ సంతోషం వానాకాలం దాటలేదు. ఉబ్బిన రబ్బరు సరైన ద్రవం తగిలాక మళ్ళీ ముడుచుకుంటుంది గానీ మొదటి ఆకారానికి రాదు, అంచు దెబ్బతింటుంది. ర్యాకు కారడం మొదలైంది. రెండోసారి కడిగినప్పుడే అది చూసి, ఇక ప్రయాణికులను ఎక్కించుకోవద్దని గట్టిగానే చెప్పాను. ఇంకో బండి దొరికేదాకా నడుపుతానన్నాడు. ఎర్ర ద్రవం సీసా ఒకటి డిక్కీలో పెట్టుకుని, ప్రతి ట్రిప్పుకు ముందు గీత చూసి పోసుకునేవాడు.

ఒక ఉదయం థానే రోడ్డు మలుపులో స్టీరింగ్ ఒక్కసారిగా బరువెక్కింది. ఎడమ చెయ్యి జారిపోయింది. ఎదురుగా కంటైనర్ లారీ. పక్క సీట్లో కూర్చున్న నర్సమ్మ చెయ్యి చాపి స్టీరింగ్ లాగింది కాబట్టి కారు రోడ్డు పక్క గట్టు ఎక్కి ఆగింది. ఎవరికీ దెబ్బ తగల్లేదు. ఆమె మా చర్చి మనిషే, ఆదివారం నాతో చెబుతూ ఏడ్చింది. "అంకుల్‌కు మేం ఏమనలేదు. ఆయననే చాబీ తీసి, ఆటోల పోండ్రి బిడ్డా అన్నడు," అంది.

కారును కొనడానికి ఒక కుర్ర డ్రైవరు వచ్చినప్పుడు, లోపం దాచకుండా చెప్పమని మామ నన్ను ఇంటికి పిలిచాడు. చెప్పాను. వేరే ర్యాకు వేసుకుంటానని అతను ఒప్పుకున్నాడు. అతను బయటికి వెళ్ళి కారు చుట్టూ తిరుగుతుంటే, మామ భార్య రాజవ్వత్త టీ గ్లాసు నా చేతికిస్తూ, "గా నూనె డబ్బ సుత మగ్గాలతోని భంగారోనికి ఇచ్చెయ్యమన్న. ఇనలే. మగ్గాలు పోయినయి, గిదన్న ఉండనీ అన్నడు," అంది.

మామ వాకిట్లో గొంతుక్కూర్చుని కారు కింద పడ్డ ఎర్ర చుక్కలను గుడ్డతో తుడుస్తున్నాడు. అది ఆనాటి పీలికే. తల ఎత్తకుండా అడిగాడు, "సామ్యేలు, నిజం జెప్పు. నేను చెయ్యి వెట్టకపోతె బండి నడుస్తుండెనా?"

"నడుస్తుండె మామా," అన్నాను.

వృత్తిరీత్యా అది సరైన జవాబు. ఆ పైపు బిగింపు ఒక్కటి సరిచేసి వదిలేసి ఉంటే ఆ ర్యాకు ఇంకా చాలా కాలం వచ్చేది. అయినా ఆ మాట అనకుండా ఉంటే బాగుండేదని ఇప్పటికీ అనుకుంటాను. పాత బండి మామా, ఎట్లాగూ పోయేదే అంటే సరిపోయేది. ఆయన తుడవడం పూర్తిచేసి, గుడ్డను పారేసి, కుడి చేత్తో చాబీ తీసి ఆ కుర్రవాడికి ఇచ్చాడు. ఇప్పుడు బైపాస్ మీద ఒక గోదాములో వాచ్‌మన్‌గా ఉన్నాడు. నేను అటు వెళ్ళినప్పుడు పలకరిస్తాడు. కార్ల మాట మాత్రం ఇద్దరం ఎత్తం.

ఈ ఉదంతం నుంచి నేర్చుకున్నది చెప్పి ముగిస్తాను. స్టీరింగ్ ద్రవానికి మూత మీద రాసిందే ప్రమాణం. రంగు, పలచన, వాసన, ధర ఏవీ కావు. ఎవరైనా తప్పు నూనె పోసుకుని వస్తే, ఏది పోశారని అడిగి ఊరుకోకుండా, అంతకుముందు ఏం పని చేసేవారని కూడా అడగడం ఆ తర్వాత అలవాటు చేసుకున్నాను. పట్టించుకోని మనిషి కారు మొదటి మూలుగుకే మా దగ్గరికి వస్తుంది. జాగ్రత్తపరుడి కారు ఆయన చేతనైనదంతా చేశాక, అన్నిటికంటే ఆలస్యంగా వస్తుంది.