చెక్కుచెదరని తాళం

మా మామగారిది తాళాలు బాగుచేసే పని. ఊళ్లో సగం ఇళ్ల తాళంచెవులు ఆయన చేతిలో పుట్టినవే. దుకాణమంటే పెద్దదేం కాదు, మా ఇంటి ముందుగదే. ఒక బల్ల, నాలుగైదు ఆకురాళ్లు, గోడ నిండా మేకులకు వేలాడే తాళంచెవులు, మూల ఒక రేడియో. నేను కాపురానికొచ్చిన కొత్తలో ఆయన నోట్లో నాలుక లేని మనిషనుకున్నాను. ఒక్క విషయంలో మాత్రం కోతలు కోసేవారు. ఎంత మొండి తలుపైనా గీత పడకుండా తీస్తానని. సన్నటి రేకు ముక్కను సందులోంచి దూర్చి లోపలి గడియ కూడా చప్పుడు లేకుండా జరిపేవారు. "పగలగొట్టడానికి ఎవడైనా చాలమ్మాయ్, తియ్యడానికే పనితనం కావాలి" అనేవారు. ఆ పనితనం ఎవరెవరి కోసం వాడారో మాకు తెలియదు.

పాత ప్రభుత్వం పడిపోయాక, మాయమైపోయినవాళ్ల సంగతి తేల్చడానికి విచారణ సంఘం వేశారు. వాళ్లు గ్రంథాలయం హాల్లో కూర్చుని అందరి గోడూ వినేవారు, అది రేడియోలో వచ్చేది. ఒక మధ్యాహ్నం మామగారు తాళంచెవి అరగదీస్తుంటే, నేను గుమ్మంలో కూర్చుని కూరలు తరుగుతూ వింటున్నాను. పక్క వీధి టీచరమ్మ మాట్లాడుతోంది. మా ఆయనకు అక్షరాలు దిద్దించింది ఆవిడే. అచ్చాపీసులో పనిచేసే ఆవిడ భర్తను ఆ రోజుల్లో ఒక రాత్రి పోలీసులు ఇంట్లోంచి పట్టుకుపోయారు. ఆయన మళ్లీ తిరిగి రాలేదు.

"తాళం చెక్కుచెదరలేదండీ. లోపలి గడియ కూడా తీసే ఉంది. లోపలివాళ్లు తియ్యకపోతే పోలీసులు ఎలా వస్తారు? ముందుగదిలో పడుకున్నది మా మరిది. ముందురోజే అన్నదమ్ములిద్దరికీ మాటామాటా పెరిగింది. తలుపు తీసింది వాడేనని మా అత్తగారన్నారు. నేనూ అన్నాను. ఎన్ని ఒట్లు పెట్టుకున్నా వినకుండా ఇంట్లోంచి గెంటేశాం. అత్తగారు పోయినప్పుడు కూడా గడప తొక్కనివ్వలేదు. ఇప్పుడు ఈ ఊళ్లోనే బస్సు కండక్టరు. నేనెక్కితే టికెట్టు చేతికిస్తాడు, ముఖం చూడడు. మా ఆయన ఏమయ్యాడో తేలడానికి టైం పడుతుందంటున్నారు. తలుపు తీసిందెవరో అదైనా చెప్పండి."

ఆకురాయి ఆగిపోయింది.

"నేనే," అన్నారు మామగారు.

"ఏంటి మామయ్యా?"

"ఆ తలుపు తీసింది నేనే అమ్మాయ్."

నాకు తల కొట్టేసినట్టయింది. ఆయన బల్లవైపు చూస్తూనే చెప్పారు. పోలీసులు మొదటిసారి దుకాణం మూయిస్తామని బెదిరించి తీసుకెళ్లారట. తర్వాత బెదిరించాల్సిన పని కూడా లేకపోయిందట. తలుపులు బద్దలుకొడితే ఇంట్లో పిల్లలు జడుసుకుంటారు కదా, అంతకంటే ఇదే మేలు కదా అనుకునేవారట. ఆ మాట విన్నాక నాకు ఒళ్లు మండింది. పిల్లల నాన్నను పట్టించి, వాళ్ల నిద్ర కాపాడారన్నమాట!

సాయంత్రం మా ఆయన వచ్చి సంగతి విని గుడ్లురిమాడు. "నోరు మూసుకుని కూర్చో నాన్నా. మనది నమ్మకం మీద నడిచే పని. ఇది తెలిస్తే రేపు ఒక్కడైనా తాళంచెవి మన చేతిలో పెడతాడా?"

"మరి ఆ మరిది సంగతేంటి?" అన్నాను. "మన దుకాణం కోసం ఆయన బతుకంతా ద్రోహి కిందే ఉండాలా?"

"నువ్వు మధ్యలో దూరకు."

"దూరతాను. ఆ దుకాణం తిండి నేనూ తింటున్నానుగా."

మామగారు ఆ పూట అన్నం ముట్టలేదు. మర్నాడు ఉతికిన చొక్కా తొడుక్కుని గుమ్మంలో నిలబడ్డారు. మా ఆయన గదిలోంచి బయటికి రాలేదు. నేనే వెంట వెళ్లాను.

హాల్లో టీచరమ్మ ముందు వరసలో ఉంది. ఆవిడ మరిది ఖాకీ చొక్కాతోనే వెనక గోడకు ఆనుకుని నిలబడ్డాడు. మామగారు సంఘం బల్ల ముందుకెళ్లి నిలబడ్డారు. తూలిపడతారేమోనని పక్కనే నిలబడి చెయ్యి పట్టుకున్నాను. అప్పుడు కుండ బద్దలుకొట్టినట్టు చెప్పేశారు, తాళమూ గడియా తీసింది తానేనని, ఆ కుర్రాడికి ఏ పాపమూ తెలియదని. సిగ్గుతో చచ్చిపోతూనే, ఆ మాత్రం చెప్పే దమ్ము ఇంకెవరికుందిలే అని లోలోపల మురిశాను కూడా. అబద్ధమెందుకు?

"ఇంకేమైనా చెప్పాలా?" అని సంఘం పెద్ద అడిగారు.

"ఉందండీ," అన్నారు మామగారు. ఇది నాకు కూడా చెప్పని మాట. "ఆ తర్వాత వారం టీచరమ్మగారే నన్ను పిలిపించారు. మరిది దగ్గర ఒక తాళంచెవి ఉండిపోయింది, వాడు మళ్లీ ఇంట్లోకి రాకూడదు, తాళం మార్చమన్నారు. మార్చాను."

"తలుపు తీసింది అతను కాదని అప్పుడు మీకు తెలుసు కదా?"

"తెలుసండీ. భయమేసింది. మంచి తాళమే వేశాను."

మరిది మెల్లగా ముందుకొచ్చాడు. మొదట టీచరమ్మతోనే మాట్లాడాడు.

"అమ్మకి ఒంట్లో బాగాలేదని తెలిసి ఒకసారి వచ్చాను వదినా. మీరు బడికి వెళ్లిన వేళ చూసుకునే వచ్చాను. తాళంచెవి తిరగలేదు. తొందరలో వేరేది తెచ్చానేమో అనుకుని చాలాసేపు తిప్పాను. లోపల అమ్మ దగ్గు వినిపిస్తోంది."

టీచరమ్మ రెండు చేతుల్లో ముఖం దాచుకుంది. అతను మామగారి వైపు తిరిగాడు. గొంతులో కోపం లేదు, ఉంటే బాగుండేది.

"తలుపు తీసినందుకు మిమ్మల్ని ఏమీ అనను పెద్దాయనా. వాళ్లు ఎవరిచేతైనా ఏమైనా చేయించేవాళ్లు. తాళం ఎందుకు మార్చారు?"

నేనేదైనా చెబుతానేమోనని మామగారు నావైపు తిరిగారు. అప్పటికే నేను ఆయన చెయ్యి వదిలేసి కొంచెం పక్కకు జరిగి ఉన్నాను, అది ఆయన చూశారు.