తేలుకు సకోదా కనుబొమ్మలు

జపాన్‌లోని మా కజికి ఊళ్ళో ఏటా సాలీళ్ళ పందెం జరుగుతుంది. కర్రకు వేలాడే సాలీడు దారాన్ని ఎదుటిది కొరికేస్తే ఓటమే. బొమ్మలు వేసే కినుయో తన ఇంటి దూలాల మధ్య ముద్దుగా పెంచిన సాలీడు దారం మాత్రం గాలికే తెగింది. అందరం చూశాం. అయినా పందెం పెద్ద సకోదా, కినుయో సాలీడే ఓడిందన్నాడు. కినుయో లబోదిబోమంది.

"తీర్పు చెప్పాక మార్చం, పోవమ్మా!" అని కసిరాడు.

ఆ కసితోనే కినుయో పిల్లలకు సాలీడు, తేలు యుద్ధం బొమ్మల పుస్తకం వేసింది. దారాల్లో చుట్టుకుపోయి చచ్చిన తేలుకు సకోదా బట్టతల, గుబురు కనుబొమ్మలు పెట్టింది. బడిపిల్లలంతా "తేలు తాతా!" అంటూ అతని వెంటపడ్డారు.

సకోదా కోపంతో ఊగిపోతూ వచ్చాడు. "ఆ తేలును గెలిపించి మళ్ళీ వెయ్యి!"

కినుయో గీస్తున్న బొమ్మ మీంచి తలెత్తలేదు. "తీర్పు చెప్పాక మార్చం, పో తేలు తాతా!"