టీవీలో కుండని తిట్టిన మరిడమ్మ

సినిమావాళ్ళ పుట్టినరోజులన్నీ నోటికొచ్చు మీకు. మా అక్క మరిడమ్మ టీవీలో నాలుగుసార్లు కనపడింది, ఆవిడ సంగతేంటని ఒక్కరోజైనా అడిగేరా? ఫొటో చూసి "ఈ ముసలావిడెవరు" అంటారు, సిగ్గులేక. రాసుకో. మధ్యలో నవ్వేవంటే మొట్టుతాను.

మాది ఆత్రేయపురం. అక్క పూతరేకులు తీసేది. బోర్లించిన కుండ కింద ఎండు కొబ్బరాకుల మంట, పల్చటి బియ్యప్పిండిలో ముంచిన గుడ్డ కుండమీద ఒక్క విసురు, అంతే, ఉల్లిపొరలాగ రేకు లేచొచ్చేది. లేవకపోతే కుండని తిట్టేది. "తిట్టందే ఇది మాట వినదే" అనేది.

డెబ్బై ఎనిమిదిలో లీలావతి గారని, హైదరాబాదు టీవీలో ఆడవాళ్ళ ప్రోగ్రాం చేసేవారు, వాడపల్లి వెంకన్న దర్శనానికొచ్చి దార్లో అక్కని చూసేరు. "మా స్టూడియోకొచ్చి చూపిస్తారాండీ?" అన్నారు.

"ఆయ్, నాతోపాటు కుండ కూడా వస్తాదండి."

కుండకి పాతచీర చుట్టి, చంటిపిల్లలా ఒళ్ళో పెట్టుకుని రైలెక్కింది.

తిరిగొచ్చి చెప్తే ఎవరు నమ్మేరు? ఊళ్ళో టీవీ ఉంటే కదా. పక్కింటి అచ్చయమ్మదీ రేకుల పనే. "కూతురింట్లో పడుకునొచ్చుంటాది" అని కాలవ రేవులో అందరికీ చెప్పింది. మళ్ళీ పిలిచేరు, వెళ్ళింది. మూడోసారీ వెళ్ళింది. మొహానికి పౌడరేసేరంటే, "పిండి అంటుకునుంటాదిలే" అంది అచ్చయమ్మ. అక్కకి అన్నం సయించేది కాదు. ఊరు నమ్మితే చాలు, ఇంకేం వద్దనేది.

ఎనభై ఆరులో పంచాయతీ ఆఫీసుకి టీవీ వచ్చింది. ఆ నెల్లోనే అక్కకి నాలుగో పిలుపు. ముందు మూడుసార్లూ స్టూడియో పెరట్లో మంటేయించేరు, ఈసారి లోపల గ్యాసు పొయ్యి పెట్టేరంట. వెళ్ళొచ్చి, ఫలానా సాయంత్రం వేస్తారని ఊరందరికీ చెప్పింది.

ప్రెసిడెంటు ప్రకాశరావు గారి దగ్గర్నించి అందరూ వచ్చి కూర్చున్నారు. టీవీలో కుండొచ్చింది. చేతులొచ్చేయి. మొహం రాదే. ఆ కెమెరావాడికి కుండంటే అంత ముచ్చట.

"ఎవరి చేతులోనమ్మా" అంది అచ్చయమ్మ. నేను అక్క మొహం చూడలేకపోయేను.

అంతలో టీవీలో రేకు లేవలేదు. గ్యాసు మంట ఆ కుండకి అలవాటు లేదు కదా. చేతులు ఆగిపోయేయి. లోపల్నించి మా అక్క గొంతు:

"నీ మొహం మండా, ఆ అచ్చయమ్మలాగ పట్టుకుని వదలవేంటే? ఓర్వలేనిదానా, లెగు."

లేచింది రేకు. తిట్టినట్టు అక్కకే గుర్తులేదు. లీలావతి గారికి నచ్చిందేమో, ఆ ముక్క ఉంచేసేరు.

పెంకులు లేచిపోయేలా నవ్వేరు జనం. ప్రకాశరావు గారైతే కుర్చీలోంచి జారేరు. అచ్చయమ్మ లేచింది. కొట్టేస్తాదనుకున్నాను. చెంగు సద్దుకుని, "విన్నారా, రాష్ట్రమంతా నా పేరు వింది" అంది.

మర్నాటినించి రేకులు కొనడానికొచ్చినోళ్ళకల్లా అదే చెప్పేది, "టీవీలో మరిడమ్మ తిట్టింది నన్నేనండి" అని. నమ్మనోళ్ళ మీద దెబ్బలాటకెళ్ళేది. అక్క నోరు తెరిచే పనే లేకపోయింది.

మరిడమ్మ అరవై నాలుగేళ్ళకి పోయింది.